గడువు కాగితాలకే, డబ్బుకు కాదు

చిరంజీవి మేనల్లుడికి మామయ్య ఆశీస్సులు.

గుంటూరు దగ్గర స్థలం అమ్మిన లెక్కలు ఇంకా తేలలేదని, ఏప్రిల్ 15 లోపు ఆదాయపు పన్ను రిటర్ను వేయడం కుదరదని నిన్న మీ అమ్మ చెప్పింది. ఫెడరల్‌కు, అంటే అమెరికా కేంద్ర ప్రభుత్వానికి, ఎక్స్‌టెన్షన్ (గడువు పొడిగింపు) పెట్టేశాను, మన రాష్ట్రం న్యూజెర్సీకి కూడా అదే చాలు అని నువ్వన్నావట. ఆ మాట విన్నప్పటి నుంచి నాకు మనసు నిలవలేదు. పదిహేనేళ్ల క్రితం నేనూ అచ్చంగా అదే మాట అనుకుని నిశ్చింతగా కూర్చున్నాను. అక్టోబరులో రిటర్ను వేశాను. చలికాలంలో రాష్ట్రం నుంచి కవరు వచ్చింది. నాకు ఎక్స్‌టెన్షన్ చెల్లలేదని, ఏప్రిల్ నుంచే ఆలస్యంగా లెక్కగట్టి జరిమానా వేశామని దాని సారాంశం. వంటగదిలో నిలబడి ఆ కాగితాన్ని మూడుసార్లు చదివాను. తప్పు నాదే. నియమం ముందే రాసి ఉంది, నేను చదవలేదు.

ఆ నియమం ఇది. గడువు పొడిగించమని అడిగే ఫారం 4868 నువ్వు పెడితే ఫెడరల్ రిటర్నుకు అక్టోబరు 15 వరకు గడువు వస్తుంది. దాన్ని న్యూజెర్సీ కూడా ఒప్పుకుంటుంది, కానీ ఒక షరతు మీద. ఆ ఏడాది రాష్ట్రానికి నువ్వు కట్టవలసిన మొత్తం పన్నులో కనీసం 80 శాతం ఏప్రిల్ 15 నాటికి వాళ్ల చేతికి అంది ఉండాలి. అంతకు తగ్గితే ఆ ఎక్స్‌టెన్షన్ లేనట్టే. రిటర్ను ఆలస్యమైన ప్రతి నెలకు బకాయి మీద 5 శాతం, గరిష్ఠంగా 25 శాతం వరకు జరిమానా పడుతుంది. నెలకు వంద డాలర్లు అదనంగా వేసే అధికారం కూడా వాళ్లకు ఉంది. వడ్డీ వేరు.

జీతం మాత్రమే ఉన్నవాడికి ఇదంతా పట్టదు. ప్రతి జీతంలోనూ రాష్ట్రం పన్ను కోసుకుంటూనే ఉంటారు, ఏడాది చివరికి 80 శాతం దానంతటదే దాటుతుంది. నీ సంగతి అలా కాదు, నువ్వు స్థలం అమ్మావు. ఇండియాలో టీడీఎస్ (అమ్మేటప్పుడే కోసే పన్ను) పోయింది కదా, ఇంకేం కట్టాలి అనుకుంటున్నావేమో. లాభం మీద అక్కడ కట్టిన పన్నుకు ఫెడరల్ రిటర్నులో క్రెడిట్ దొరుకుతుంది. న్యూజెర్సీలో దొరకదు. వేరే అమెరికా రాష్ట్రానికి కట్టిన పన్నుకే ఈ రాష్ట్రం క్రెడిట్ ఇస్తుంది, వేరే దేశానికి కట్టినదానికి ఇవ్వదు. మనవాళ్లు చాలామంది ఇక్కడే దెబ్బతింటారు. ఎన్‌ఆర్‌ఈ డిపాజిట్ల (విదేశాల్లో ఉన్న మనవాళ్లు ఇండియా బ్యాంకుల్లో వేసేవి) వడ్డీ కూడా ఇలాంటిదే. అక్కడ దానికి పన్ను లేదు కాబట్టి ఇక్కడా లేదనుకుంటారు. ఉంది, రాష్ట్రంలోనూ ఉంది.

ఉజ్జాయింపుగా ఒక లెక్క చూడు. జీతం లక్ష డాలర్లు, స్థలం మీద లాభం 30 వేల డాలర్లు అనుకుందాం. ఒంటరిగా రిటర్ను వేసేవాడికి 75 వేలు దాటిన ఆదాయం మీద న్యూజెర్సీ రేటు 6.37 శాతం, అంటే స్థలం వల్ల పడే పన్ను దాదాపు 1,900. జీతం మీదిది కలిపితే మొత్తం 6,100 అవుతుంది. అందులో 80 శాతం అంటే 4,880. నీ డబ్ల్యూ-2 (జీతం, కోసిన పన్నుల లెక్కతో కంపెనీ ఇచ్చే కాగితం) తీసి 17వ గడి చూడు, రాష్ట్రానికి కోసినది అక్కడ ఉంటుంది. అది 4,200 అయితే ఎక్స్‌టెన్షన్ చెల్లడానికే ఇంకా 680 తక్కువ.

నన్నడిగితే 680 పంపి ఊరుకోవద్దు. మిగిలినదాని మీద ఏప్రిల్ నుంచి ఎలాగూ వడ్డీ నడుస్తుంది. మొత్తం 1,900 పంపేయి, ఎక్కువైతే రిటర్ను వేసినప్పుడు వెనక్కి వస్తుంది. ఆన్‌లైన్‌లో కట్టేటప్పుడు నిదానంగా చూసుకో. గడిచిన సంవత్సరానికి ఎక్స్‌టెన్షన్ చెల్లింపు అని ఎంచుకోవాలి, కాగితం మీదైతే దాని పేరు ఎన్‌జే-630. తొందరలో ఈ ఏడాదికి ముందుగా కట్టే అంచనా పన్ను కింద కడితే డబ్బు వేరే ఖాతాలో కూర్చుంటుంది. కట్టాక వచ్చే నంబరును కాగితం మీద ముద్రించి దాచు. అక్టోబరులో రిటర్ను వేసేటప్పుడు ఫెడరల్ ఎక్స్‌టెన్షన్ ఉందని అందులో చూపించడం మరవకు.

పోతే, ఈ ఆరు నెలలు దేనికి? దస్తావేజుల కోసం. మీ నాన్న 2010లో నీ పేరున కొన్నప్పటి దస్తావేజు నకలు సబ్‌రిజిస్ట్రార్ ఆఫీసులో తీయించమను. ఆనాటి ధరను ఆనాటి డాలరు రేటుతోనే భాగించాలి. అప్పుడు డాలరు 45 రూపాయల చుట్టూ ఉండేది, నువ్వు అమ్మేనాటికి 85 దాటింది. పాత ధరను కొత్త రేటుతో భాగిస్తే కొన్న ఖర్చు దాదాపు సగానికి పడిపోయి, లేని లాభం మీద పన్ను కడతావు. నాకు తెలిసిన ఒకాయన అలాగే కట్టాడు, తర్వాత సవరణ రిటర్ను వేసి రాబట్టుకునేసరికి తల ప్రాణం తోకకొచ్చింది. అందుకే ఇప్పుడు తోచిన అంకె వేసి రిటర్ను పంపేయవద్దని నా మాట.

మీ స్నేహితులు చెప్పేవి విని అయోమయపడకు. ఒక్కో రాష్ట్రానిది ఒక్కో దారి. కాలిఫోర్నియాలో ఏ ఫారమూ పెట్టకుండానే అక్టోబరు దాకా గడువు ఇస్తారు, డబ్బు మాత్రం ఏప్రిల్‌లోనే కట్టాలి. న్యూయార్క్‌కు ఐటీ-370 అనే ఎక్స్‌టెన్షన్ ఫారం విడిగా పెట్టాలి. వర్జీనియా గడువే మే 1. టెక్సస్‌లో, డల్లాస్‌లో ఉన్న నీ చెల్లెలికి అసలు రాష్ట్ర ఆదాయపు పన్నే లేదు.

శనివారం ఉదయం ఇంటికి రా. డబ్ల్యూ-2, అమ్మకం దస్తావేజు, ఇండియా బ్యాంకు స్టేట్‌మెంట్లు తెచ్చుకో. అత్తయ్య పెసరట్లు వేస్తానంటోంది. తిని, ఇద్దరం కూర్చుని ఆ చెల్లింపు పూర్తిచేశాకే నిన్ను పంపుతాను.

ఇట్లు
మామయ్య