98 దగ్గర ఆగిన బడి

చిరంజీవికి,

బడి పిల్లలే జట్టు కట్టి పాడి ఆడే 'స్కూల్ ఐడల్'ల మీద నువ్వు రాసిన కథ అందింది. నీ తొమ్మిది మంది అమ్మాయిలు మూడో పేజీలో స్టేజి ఎక్కగానే హాలంతా ఈలలు, చప్పట్లు. అక్కడే నాకు ఒళ్ళు మండింది. డైలాగులు బాగున్నాయిలే.

పక్కింటి పిల్లే పాడుతోందన్న భ్రమను అమ్ముకోవడం జపాన్ టీవీకి 1985లో ఒన్యాంకో క్లబ్ అనే అమ్మాయిల పాటల బృందం నాటికే తెలుసు. రోజూ సాయంత్రం బడి వదిలే వేళకు ప్రోగ్రాం. కాకపోతే ఆ పిల్లల వెనక ఓ టీవీ ఛానెల్ ఉంది. స్కూల్ ఐడల్ వెనక ఎవరున్నారు? మేనేజర్ లేడు, జీతం లేదు. పాట ఒక పిల్ల రాస్తుంది, బట్టలు ఇంకో పిల్ల కుడుతుంది, ప్రాక్టీసు డాబా మీద. పైగా మూడేళ్ళలో చదువైపోతుంది.

స్కూల్ ఐడల్స్ మీద 2013లో వచ్చిన జపాన్ కార్టూన్ సీరియల్, 'లవ్ లైవ్' యానిమే చూశానన్నావు. ఏం చూశావు మరి? అందులోని ఒటొనోకిజాకా బడిలో మూడో సంవత్సరానికి మూడు సెక్షన్లు, రెండో సంవత్సరానికి రెండు, కొత్తగా చేరినవాళ్ళకు ఒక్కటే. పిల్లల్లేక బడి మూసే పరిస్థితి. దాన్ని నిలబెట్టాలని పాట మొదలుపెడితే, మొదటి షోకి తెర లేచేసరికి హాలు ఖాళీ. ఏడుపు దిగమింగుకుని పాడతారు. జనం ఆ పిల్లల్ని నెత్తిన పెట్టుకున్నది అందుకే అంటాను నేను, కాదన్నవాళ్ళతో పోట్లాడతాను కూడా. యూనిఫారాలూ రంగురంగుల జుట్టూ ఎవరైనా గీస్తారు.

దాని తర్వాత, 2016లో మొదలైన 'లవ్ లైవ్ సన్‌షైన్' ఇంకా నిర్దయ. నుమాజు అనే ఊళ్ళో సముద్రం పక్కన బడి. నిలవాలంటే వంద దరఖాస్తులు రావాలి. గడువు వేళకు 98. మూసేశారు.

మన ఎడిటర్లైతే తక్కువైన ఆ ఇద్దర్నీ చేర్పించేవాళ్ళు. వారపత్రికల్లో కాలేజీ ప్రేమకథల గాలి వీస్తున్న రోజుల్లో, ఊళ్ళో బడి మూతపడే కథ ఒకటి పంపాను. "టీచరమ్మకో లవ్ పెట్టండి, చివర్లో బడి తెరిపించండి" అని తిప్పి పంపాడు ఒక మహానుభావుడు. నేను పెట్టలేదు, ఆయన వెయ్యలేదు. ఏడాది తిరక్కుండా పల్లె కథలు కరువయ్యాయని అదే పత్రికలో సంపాదకీయం రాశాడు! ఆ కథ ఇంకా నా బీరువాలోనే ఉంది.

పోటీలకు పంపాలా, కలం పేరు ఏది బాగుంటుంది అని అడిగావు. అవి తర్వాత చూద్దాం. ముందు మూడో పేజీ చించెయ్. ఆ బడిలో ఎన్ని గదులకు తాళాలు పడ్డాయో, ఆ ఏడు ఎంతమంది చేరారో, మూసేస్తారన్న మాట పిల్లలకు ఎవరు చెప్పారో రాసి పంపు. టైప్ చేసే పంపు, నీ చేతిరాత నావల్ల కాదు.