డాక్టర్ సలహా: ‘ఒక్కసారి కూడా కొట్టలేదు.. మరి నవల చదువుతుంటే నాకెందుకీ వణుకు?’

ప్రశ్న: నాకు 19 ఏళ్లు. పదహారేళ్ల వయసులో నా క్లాసులోని ఒక అబ్బాయితో ప్రేమలో పడ్డాను, రెండేళ్లు అలాగే సాగింది. అతను నన్ను ఎప్పుడూ కొట్టలేదు. కానీ నా ఫోన్ పాస్‌వర్డ్ తనకి తెలియాల్సిందే, ఎవరితో మాట్లాడినా చెప్పాల్సిందే. రిప్లై పది నిమిషాలు లేటైతే రెండు రోజులు మాట్లాడేవాడు కాదు. విడిపోదామంటే చచ్చిపోతానని బెదిరించేవాడు. తొమ్మిది నెలల క్రితం బయటపడ్డాను. మూడు వారాల క్రితం ఫ్రెండ్ ఒక టీనేజ్ నవల ఇచ్చింది. అందులో అమ్మాయికి జరిగేదంతా అచ్చం నా కథే. సగం చదివేసరికి గుండె దడ, చేతులు వణుకు. అప్పటి నుంచి రాత్రి మూడింటికి మెలకువ వచ్చేస్తోంది. పుస్తకం మూసి అల్మరాలో పెట్టేశాను. నాకేమైనా జబ్బా? అతను కొట్టనే లేదు కదా, నేనే ఎక్కువ ఊహించుకుంటున్నానా? ఆ పుస్తకం పూర్తి చేయొచ్చా?

జవాబు: ముందు మీ రెండో ప్రశ్నకి జవాబు చెప్తాను, ఎందుకంటే మిగతావన్నీ దాని చుట్టూనే తిరుగుతున్నాయి. మీరు ఊహించుకోవడం లేదు. మీకు జరిగింది మానసిక హింసే. ఎమోషనల్ అబ్యూజ్ అంటామే, అదే. ‘కొట్టలేదు కదా డాక్టర్’ అనే మాట నా దగ్గరికి వచ్చే అమ్మాయిలు, కొందరు అబ్బాయిలు కూడా, కూర్చున్న వెంటనే అనేస్తారు. దెబ్బ కనపడితే తప్ప బాధపడే హక్కు లేదని వాళ్లకి ఎవరు నేర్పారో కానీ, ఆ నమ్మకం వల్లే చాలామంది ఏళ్ల తరబడి ఎవరికీ చెప్పకుండా ఉండిపోతున్నారు.

మీ ఉత్తరంలో రాసినవి విడివిడిగా చూస్తే చిన్నవిగానే కనిపిస్తాయి. పాస్‌వర్డ్ అడిగాడు, అలిగాడు, ఎవరితో మాట్లాడావని అడిగాడు. ‘ఇంత చిన్నదానికా?’ అని బయటివాళ్లు అంటారు. కానీ వాటన్నిటినీ వరసగా పెట్టి చూడండి. మీరు ఎవరితో మాట్లాడాలో, ఎంతసేపట్లో జవాబివ్వాలో, చివరికి విడిపోవచ్చో లేదో కూడా ఇంకొకరే నిర్ణయించారు. ఇవాన్ స్టార్క్ అనే పరిశోధకుడు 2007లో రాసిన పుస్తకంలో దీన్నే కోయర్సివ్ కంట్రోల్ అని వివరించాడు, అంటే మనిషి స్వేచ్ఛని కొద్దికొద్దిగా లాగేసుకుని గుప్పిట్లో పెట్టుకోవడం. కొట్టడం అందులో ఒక పద్ధతి మాత్రమే, అది లేకుండా కూడా ఈ పని జరిగిపోతుంది. ఇంగ్లండ్, వేల్స్‌లో 2015లో తెచ్చిన చట్టం ప్రకారం దగ్గరి సంబంధాల్లో ఇలాంటి ప్రవర్తన నేరం, ఐదేళ్ల వరకు జైలు పడొచ్చు. చట్టం దాకా వెళ్లిన విషయాన్ని మీరు ‘ఎక్కువ ఊహించుకోవడం’ అనుకోనక్కర్లేదు.

ఇక వణుకు సంగతి. ఆ రెండేళ్లూ మీ శరీరం డ్యూటీలో ఉంది. మెసేజ్ సౌండ్ వినపడగానే అతని మూడ్ ఎలా ఉందో అంచనా వేయాలి, రిప్లైలో ఏ పదం వాడితే గొడవ రాదో ఆలోచించాలి. మెదడులో ప్రమాదాన్ని పసిగట్టే భాగం ఒకటుంది, అమిగ్డలా అంటాం. మీలాంటి పరిస్థితిలో అది ఎప్పుడూ మేలుకునే ఉంటుంది, చిన్న సూచన అందినా అడ్రినలిన్ విడుదలయ్యేలా చేస్తుంది, దాంతో గుండె వేగంగా కొట్టుకుంటుంది, చేతులు వణుకుతాయి, కడుపులో తిప్పినట్టు ఉంటుంది. బంధం తెగిపోయినంత మాత్రాన ఈ అలవాటు మర్నాడే పోదు. అది తేదీలు చూసుకోదు, పోలికలు చూస్తుంది. నవలలో ఆ అబ్బాయి మాట్లాడే తీరు మీరు విన్న మాటలతో సరిపోయింది, శరీరం వెంటనే పాత డ్యూటీలోకి దిగిపోయింది. పైగా టీనేజ్ నవలలు చాలావరకు ‘నేను’ అంటూనే కథ చెప్తాయి. రాత్రి ఒంటరిగా కూర్చుని మనసులో మన గొంతుతోనే ‘నేను భయపడ్డాను, నేను సారీ చెప్పాను’ అని చదువుతుంటే అది ఎవరి ‘నేను’ అనే తేడా కాసేపు చెరిగిపోతుంది. ఇందులో మీ బలహీనత ఏమీ లేదు. పుస్తకం మీకు కొత్త జబ్బు తేలేదు, లోపల ఉన్నదాన్ని కదిలించింది, అంతే.

మీరు అడగలేదు కానీ నాకు వినపడిన ప్రశ్న ఇంకొకటుంది. ‘అంతా తెలిసీ రెండేళ్లు ఎందుకు ఉన్నాను?’ ఈ ప్రశ్న మిమ్మల్ని తింటోందని ఉత్తరం చదువుతుంటే అనిపించింది. మనస్తత్వ శాస్త్రంలో బాగా తెలిసిన విషయం ఒకటి చెప్తాను. ఫెర్‌స్టర్, స్కిన్నర్ అనే ఇద్దరు 1957లో జంతువుల మీద తాము చేసిన ప్రయోగాలన్నీ కలిపి ఒక పెద్ద పుస్తకంగా వేశారు. మీట నొక్కిన ప్రతిసారీ మేత దొరికితే, అది దొరకడం ఆగిపోయాక జంతువు తొందరగానే ఊరుకుంటుంది. ఎప్పుడు దొరుకుతుందో తెలియకుండా ఒక్కోసారి మాత్రమే దొరికితే మాత్రం చాలాసేపు నొక్కుతూనే ఉంటుంది. రెండు రోజులు మాట్లాడకుండా ఉండి మూడో రోజు అతను ఏడుస్తూ వచ్చి ‘నువ్వు తప్ప నాకెవరూ లేరు’ అన్నప్పుడు మీకు కలిగిన ఊరట ఉందే, అది చాలా గట్టిగా అతుక్కునే రకం ఊరట. బాధపెట్టిన మనిషే ఓదార్చేవాడు కూడా అయినప్పుడు విడిపోవడం మామూలు ప్రేమ కంటే కష్టమవుతుంది. డటన్, పెయింటర్ అనే పరిశోధకులు 1981లో దీనికి ట్రామాటిక్ బాండింగ్ అని పేరు పెట్టారు. దానికి తోడు మీ వయసు. ముందూ వెనకా ఆలోచించి ఆవేశాన్ని ఆపే మెదడు ముందు భాగం ఇరవై దాటి చాలా ఏళ్ల వరకు ఎదుగుతూనే ఉంటుంది. పదహారేళ్లకి అది మొదటి ప్రేమ, ఇది మామూలా కాదా అని పోల్చుకోవడానికి ఇంకొకటి లేదు. తెలివి తక్కువై ఉండిపోలేదమ్మా, బయటికి దారి తెలియక ఉండిపోయారు, దొరికాక బయటికి వచ్చారు.

జబ్బా అని అడిగారు. ఉత్తరం చూసి పేరు పెట్టడం సరైన వైద్యం కాదు, అందుకే పేరు పెట్టను. కానీ ఏం గమనించాలో చెప్తాను. ఆ జ్ఞాపకాలు వద్దన్నా దూసుకురావడం, పీడకలలు, అతన్ని గుర్తుచేసే చోట్లకీ మనుషులకీ దూరంగా తిరగడం, చిన్న శబ్దానికే ఉలిక్కిపడటం, ‘తప్పంతా నాదే’ అనే ఆలోచన వదలకపోవడం.. ఇవన్నీ కలిసి నెల దాటి కొనసాగి, చదువుకీ పనికీ అడ్డొస్తుంటే పీటీఎస్‌డీ (మనసుకి తగిలిన పెద్ద గాయం తర్వాత వదలకుండా ఉండే ఒత్తిడి జబ్బు) కోణంలో పరీక్షించాలి. మీకు ఇప్పటికి మూడు వారాలు. నెల నిండాలని కూర్చోకండి, ఈలోపే సైకియాట్రిస్ట్‌నో క్లినికల్ సైకాలజిస్ట్‌నో కలవండి. అన్నీ సరిపోకపోయినా బాధ నిజమైనదే, సాయం అడగడానికి పేరు అవసరం లేదు. వెళ్లినప్పుడు థైరాయిడ్, హిమోగ్లోబిన్ పరీక్షలు కూడా చేయించుకోండి. దడ, వణుకు, నిద్ర లేకపోవడం థైరాయిడ్ ఎక్కువగా పనిచేసినా వస్తాయి, రక్తం తక్కువైనా దడ వస్తుంది. మనసు సంగతి అని తేల్చేసి శరీరాన్ని వదిలేయడం మా వృత్తిలో అప్పుడప్పుడు జరిగే పొరపాటు, అది మీ విషయంలో జరగకూడదు.

మందుల గురించి ఒక్క మాట గట్టిగా చెప్తాను, ఎవరో ఇచ్చారని నిద్రమాత్రలు వేసుకోకండి. ఆల్ప్రజోలం లాంటి మాత్రలు ఆ రాత్రికి నిద్రపుచ్చుతాయి కానీ ఈ సమస్యని నయం చేయవు, అలవాటైపోయే ప్రమాదం ఎక్కువ. ఇలాంటి వాటికి బాగా పనిచేసేది మాట్లాడే చికిత్స. మనసుకి తగిలిన గాయం (ట్రామా) మీద దృష్టి పెట్టే సీబీటీ, అంటే ఆలోచనల్నీ ప్రవర్తననీ మార్చుకునే చికిత్స ఒకటి, ఈఎండీఆర్, అంటే బాధాకర జ్ఞాపకాన్ని తలుచుకుంటూ కళ్లని అటూ ఇటూ కదిలించే చికిత్స ఇంకొకటి. మామూలుగా వారానికొక సెషన్, పది పన్నెండు సెషన్ల చుట్టూ ఉంటుంది, కొందరికి ఎక్కువ పట్టొచ్చు. అవసరమైతే డాక్టర్ దిగులు, ఆందోళన తగ్గించే సెర్ట్రలిన్ లాంటి మందు రాస్తారు. దాని ప్రభావం తెలియడానికి కొన్ని వారాలు పడుతుంది కాబట్టి మధ్యలో మానేయకూడదు. మొదట్లో, ముఖ్యంగా 25 ఏళ్ల లోపు వాళ్లలో, ఆలోచనలు చీకటిగా మారుతున్నట్టు అనిపిస్తే వెంటనే డాక్టర్‌కి చెప్పాలి. మీరు కలిసిన కౌన్సెలర్ ‘అతను కొట్టలేదు కదా, మర్చిపో’ అంటే మొహమాటపడకుండా ఇంకొకరిని వెతుక్కోండి.

రాత్రి మూడింటికి మెలకువ వచ్చినప్పుడు మంచం మీద దొర్లుతూ ఫోన్ చూడొద్దు. లేచి వేరే చోట కూర్చోండి, పాదాలు నేలకి ఆనించి, కనిపించే ఐదు వస్తువుల పేర్లు బయటికే అనండి. ఊపిరి పీల్చిన దానికంటే వదలడం నెమ్మదిగా, ఎక్కువసేపు ఉండేలా చూసుకోండి. వినడానికి చిన్నపిల్లల ఆటలా ఉంటుంది కానీ గుండె వేగం తగ్గించడానికి ఇదే సులువైన దారి. పగటిపూట రాసుకోవడం కూడా చాలామందికి మేలు చేసింది. జేమ్స్ పెన్‌బేకర్ అనే మనస్తత్వ పరిశోధకుడు 1986లో ప్రచురించిన ప్రయోగంలో విద్యార్థులతో వరసగా నాలుగు రోజులు, రోజుకి పదిహేను నిమిషాలు తమ పెద్ద బాధ గురించి రాయించాడు. రాసిన వెంటనే వాళ్లకి దిగులుగానే అనిపించింది, కానీ అటు తర్వాత నెలల్లో డాక్టర్ దగ్గరికి వెళ్లడం తగ్గింది. మీరు రాస్తూ వణుకు పెరిగితే ఆపేయండి, ఆ పని థెరపిస్ట్ పక్కన ఉన్నప్పుడు చేద్దురు గాని.

అతను మళ్లీ మెసేజ్‌లు పెడుతున్నాడో లేదో మీరు రాయలేదు. పెడుతుంటే జవాబివ్వొద్దు, కానీ తుడిచేయొద్దు, స్క్రీన్‌షాట్ తీసి నమ్మకమైన మనిషికి పంపి ఉంచండి. పాస్‌వర్డ్‌లన్నీ మార్చారా? లొకేషన్ షేరింగ్ ఆపారా? మీ అకౌంట్ ఇంకా ఏ ఫోన్‌లో తెరిచి ఉందో సెట్టింగ్స్‌లో చూశారా? చాలామంది బ్లాక్ చేసి ఊరుకుంటారు, ఇవి మర్చిపోతారు. చచ్చిపోతానని మళ్లీ బెదిరిస్తే దాన్ని తేలిగ్గా తీసుకోవద్దు, అలాగని మీరు ఒంటరిగా పరిగెత్తుకుని వెళ్లొద్దు. అతని ఇంట్లోవాళ్లకి గానీ అత్యవసర సేవలకి గానీ వెంటనే చెప్పండి. అతని ప్రాణం కాపాడగలిగేది వాళ్లు, దానికి మీరు మళ్లీ ఆ బంధంలోకి వెళ్లడం వైద్యం కాదు. మీకే చచ్చిపోవాలన్న ఆలోచన ఎప్పుడైనా వస్తే మాత్రం అపాయింట్‌మెంట్ కోసం ఆగకండి, అదే రాత్రి ఇంట్లో ఎవరినైనా లేపండి, దగ్గరలోని ఆసుపత్రి ఎమర్జెన్సీకి వెళ్లండి.

ఇప్పుడు పుస్తకం. నేను ఇలాంటి నవలల పక్షమే. మనకి జరిగినదానికి మన దగ్గర మాటలు లేనప్పుడు ఇంకొకరు ముందే రాసిపెట్టిన మాటలు దొరకడం ఎంత సాయమో నా పేషెంట్లలో చూశాను, ‘నా ఒక్కదానికే కాదా!’ అన్న ఆ ఒక్క ఆశ్చర్యంతో నోరు విప్పినవాళ్లున్నారు. పుస్తకాలతో వైద్యం అనే అర్థంలో బిబ్లియోథెరపీ అనే మాట 1916 నాటికే అచ్చులోకి వచ్చింది. అయితే అన్ని నవలలూ ఒకటి కావు. అసూయనే ప్రేమగా చూపించేవి, అమ్మాయి ఓర్పుతో అబ్బాయి మారిపోయాడని ముగించేవి ఉన్నాయి, పదహారేళ్లవాళ్లు వాటినే కొలబద్దగా పెట్టుకోవడం నాకు నిజంగా భయం. మంచి నవల అతను బాగున్న రోజుల్ని కూడా దాచకుండా చూపిస్తుంది, ఎందుకంటే ఆ రోజులే కదా కాళ్లకి సంకెళ్లయ్యేది. ఆ అమ్మాయి ఒకసారి వెళ్లి, తిరిగొచ్చి, మళ్లీ వెళ్తుంది. బయటపడ్డాక కూడా మెసేజ్ సౌండ్‌కి ఉలిక్కిపడుతుంది. మీ చేతిలో ఉన్నది ఏ రకమో సగం చదివారు కాబట్టి మీకే తెలిసి ఉంటుంది. ఇది చదువుతున్న తల్లిదండ్రులకి ఒక విన్నపం: పిల్లలు ఇలాంటి పుస్తకం చదువుతుంటే లాక్కోకండి, వీలైతే మీరూ చదవండి. ‘ఈ అబ్బాయి గురించి నువ్వేమనుకుంటున్నావు?’ అని పుస్తకంలోని మనిషి గురించి అడిగితే, సొంత విషయం చెప్పలేని పిల్లలు కూడా చాలా చెప్పేస్తారు.

పూర్తి చేయొచ్చు, కానీ నిద్ర కుదుటపడే వరకు అల్మరాలోనే ఉండనివ్వండి. తర్వాత తీసినప్పుడు పగలే చదవండి, ఒక్క చాప్టరే, ఇచ్చిన ఫ్రెండ్‌ని పక్కన కూర్చోబెట్టుకోండి. ఆమె ఆ పుస్తకం మీకే ఎందుకు ఇచ్చిందో కూడా ఒకసారి అడగండి, బహుశా మీరు చెప్పకముందే ఆమెకి ఏదో తెలిసి ఉంటుంది. వణుకు మొదలైతే వేలు అక్కడే పెట్టి మూసేయండి, పేజీ చివరిదాకా వెళ్లాలన్న నియమం ఏమీ లేదు. టెన్షన్ తట్టుకోలేకపోతే ముందే ఆఖరి చాప్టర్ చదివేయండి, ఆ అమ్మాయి బయటపడిందో లేదో తెలుసుకుని అప్పుడు వెనక్కి రండి. సైకాలజిస్ట్‌ని కలిసే రోజు మాత్రం ఆ పుస్తకాన్ని వెంట తీసుకెళ్లండి, మీరు ఎక్కడ ఆపేశారో ఆ పేజీ చూపించండి. మొదటి సెషన్‌లో ఎక్కడ మొదలుపెట్టాలో తెలియక చాలామంది తడబడతారు, మీరు ఆ పేజీతోనే మొదలుపెట్టొచ్చు.