కెవిన్ అనే పేరుకి అర్థం ఏమిటి? బైబిల్ పేరేనా? మా అబ్బాయి పేరు అదే కాబట్టి నాకు తెలిసింది చెబుతున్నాను

మీరు మూడు విషయాలు అడిగారు. కెవిన్ అంటే అర్థం ఏమిటి, అది బైబిల్లో ఉందా, యూరప్‌లో ఈ పేరంటే చులకనగా చూస్తారట నిజమేనా అని. ఈ మూడు ప్రశ్నలూ మా ఇంట్లోనూ వచ్చాయి. అందుకే కాస్త వివరంగా రాస్తున్నాను.

నేను డబ్లిన్‌లో ఒక ఆసుపత్రిలో నర్సుని. మా అబ్బాయి ఇక్కడే పుట్టాడు, ఇప్పుడు తొమ్మిదేళ్లు. వాడికి కెవిన్ అని పెట్టినప్పుడు దాని అర్థం మాకిద్దరికీ తెలియదు. చిన్న పేరు, ఇక్కడివాళ్లకీ మనవాళ్లకీ నోరు తిరుగుతుంది అనుకున్నాం, అంతే. తెనాలిలో ఉన్న మా అమ్మమ్మ వీడియో కాల్‌లో పిల్లాణ్ణి చూసి మురిసిపోయింది. పేరు చెప్పగానే మాత్రం, "కెవీనా? బైబిల్లో ఏ పుస్తకంలో ఉందే?" అని అడిగింది. మా ఇంట్లో అందరూ యోహానులు, సమూయేళ్లు, దానియేళ్లు. ఆవిడ అలా అడగడంలో తప్పేమీ లేదు. నా దగ్గరే జవాబు లేదు.

ముందుగా ఆ సంగతి చెప్పేస్తాను. కెవిన్ బైబిల్ పేరు కాదు. పాత నిబంధనలోనూ లేదు, కొత్త నిబంధనలోనూ లేదు. కానీ క్రైస్తవ పేరు కాదని అనడానికీ వీల్లేదు. ఆరో శతాబ్దంలో ఐర్లండ్‌లో జీవించిన ఒక సన్యాసి పేరు అది. సెయింట్ కెవిన్ అంటారు. ఆయన పండుగ జూన్ 3. ఆయన్ని సెయింట్‌గా గౌరవించడాన్ని రోమ్ 1903లో అధికారికంగా ఆమోదించింది. కాబట్టి మీరు క్యాథలిక్కులైతే బాప్తిస్మానికి ఏ ఇబ్బందీ ఉండదు. మాలాగా లూథరన్లో బాప్టిస్టులో అయితే పెద్దవాళ్లు మా అమ్మమ్మలాగే అడుగుతారు, వాళ్లకి సెయింట్ కెవిన్ కథ చెప్పండి. కింద రాశాను.

ఇక అర్థం. పేర్ల వెబ్‌సైట్లలో "అందగాడు" అని ఒక్క ముక్క రాసి వదిలేస్తారు. అది పూర్తిగా తప్పు కాదు గానీ అసలు సంగతి సగం కూడా కాదు. నాకు ఈ పేరు నిజంగా అర్థమైంది ఒక పేషెంటు వల్ల. గాల్వే దగ్గర కనెమారా వైపు నుంచి వచ్చిన పెద్దావిడ, ఎనభై దాటిన మనిషి. ఆ ప్రాంతంలో ఇప్పటికీ ఇళ్లల్లో ఐరిష్ భాష మాట్లాడతారు. బీపీ చూస్తుంటే "నీకు పిల్లలున్నారా, పేరేంటి?" అని అడిగింది. కెవిన్ అన్నాను. ఆవిడ ముఖం వెలిగిపోయింది. "క్వీవీన్!" అంది. నాకు అర్థం కాలేదు. మధ్యాహ్నం భోజనానికి ఏం కావాలో టిక్ పెట్టే కార్డు ఉంటుంది కదా, దాన్ని తిరగేసి, నా జేబులో పెన్ను అడిగి తీసుకుని, వణికే చేత్తో గుండ్రటి పాత అక్షరాల్లో ఆ పేరు రాసింది. ఎం అక్షరం నెత్తిన ఒక చుక్క, జీ అక్షరం నెత్తిన ఇంకో చుక్క. బళ్లో తనకు ఇలాగే నేర్పారని చెప్పింది.

ఆ చుక్కల్లోనే పేరు మొత్తం ఉందని తర్వాత తెలిసింది. ఐరిష్‌లో మ అక్షరం మీద చుక్క పడితే అది వ అవుతుంది. సంస్కృతంలో గ్రామం హిందీకి వచ్చేసరికి గావ్ అయినట్టన్నమాట. గ మీద చుక్క పడితే అది దాదాపు వినపడకుండా పోతుంది. తర్వాత రోమన్ లిపికి మారినప్పుడు ఆ చుక్కలు తీసేసి పక్కన హెచ్ రాయడం మొదలుపెట్టారు. ఐరిష్ పేర్ల స్పెల్లింగులో అన్నన్ని హెచ్‌లు ఎందుకుంటాయో అని ఇక్కడికి వచ్చిన కొత్తలో తల పట్టుకునేదాన్ని. కారణం ఇదే. వినపడని ఆ జీ ని కూడా ఇప్పటి స్పెల్లింగులో తీసేశారు. ఇప్పుడు సీ, ఏ, ఓ, ఐ, ఎం, హెచ్, ఐ, ఎన్ అని రాసి క్వీవీన్ అని పలుకుతారు. రెండో ఐ మీద ఒక గీత ఉంటుంది, దీర్ఘానికి గుర్తుగా. ఇంగ్లీషువాళ్ల నోట పడి అది కెవిన్ అయింది.

ఇంకా వెనక్కి వెళ్తే పాత ఐరిష్‌లో ఈ పేరు కోయెమ్‌గెన్ అనే రూపంలో ఉంది. రెండు మాటలు కలిసిన పేరు. కోయెమ్ అంటే ప్రియమైన, సౌమ్యమైన, చూడముచ్చటైన అని. "అందగాడు" అన్న అర్థం ఇక్కడి నుంచే వచ్చింది. రెండో మాట గెన్, అంటే పుట్టుక. కార్డు మీద ఆవిడ చుక్క పెట్టి రాసిన జీ ఈ గెన్‌లోదే. రెండూ కలిపితే ప్రియమైన పుట్టుక, చల్లని పుట్టుక కలవాడు.

నన్ను కదిలించింది ఆ గెన్ అన్న మాట. ఐరిష్, సంస్కృతం ఒకే భాషా కుటుంబానికి చెందినవి. ఈ గెన్, సంస్కృతంలోని జన్ ధాతువు ఒకే మూలం నుంచి వచ్చాయి. అంటే మనం సంస్కృతం నుంచి తెచ్చుకుని రోజూ వాడుకునే జన్మ, జనని, జనం అనే మాటలకు, మా అబ్బాయి పేరులో సగానికి చుట్టరికం ఉంది. మనకు సుజాత అనే పేరుంది కదా, మంచి పుట్టుక కలది అని. భావంలో కెవిన్ దానికి బాగా దగ్గర. అమ్మమ్మకి ఇలాగే చెప్పాను. "అయితే మన సుజాతే మగపిల్లాడై పుట్టాడన్నమాట" అంది. సుజాత మా పిన్ని పేరు.

ఇప్పుడు సెయింట్ కెవిన్ కథ. డబ్లిన్‌కి దక్షిణాన సుమారు 50 కిలోమీటర్ల దూరంలో, విక్లో కొండల్లో గ్లెండలాక్ అనే లోయ ఉంది. ఆ పేరుకి రెండు చెరువుల లోయ అని అర్థం. డబ్లిన్ నుంచి అక్కడికి వెళ్లే బస్సు పేరు కూడా సెయింట్ కెవిన్స్ బస్సే. కెవిన్ ఒంటరిగా ప్రార్థన చేసుకోవడానికి ఈ లోయకి వచ్చాడని, చుట్టూ శిష్యులు చేరి అది పెద్ద మఠం అయిందని చెబుతారు. ఆయన 618 ప్రాంతంలో చనిపోయారు. 120 ఏళ్లు బతికాడని కూడా ఇక్కడ చెప్పుకుంటారు, అది భక్తితో చెప్పుకునే లెక్క. ఆయన జీవిత చరిత్రలన్నీ ఆయన పోయిన కొన్ని వందల ఏళ్ల తర్వాత రాసినవే.

మా వాడికి ఆరేళ్లప్పుడు తీసుకెళ్లాం. సుమారు 30 మీటర్ల ఎత్తున్న గుండ్రటి రాతి గోపురం ఒకటి ఉంది. దాని తలుపు నేల మీద ఉండదు, మూడున్నర మీటర్ల పైన ఉంటుంది, నిచ్చెన వేసుకుని ఎక్కాల్సిందే. మా వాడు చాలాసేపు దాని కిందే నిలబడి పైకి చూశాడు. అక్కడి నుంచి పై చెరువు దాకా నడిచాం. చెరువుకి అవతల కొండచరియలో, నీటికి కొంచెం పైన, చీకటిగా చిన్న గుహ కనిపిస్తుంది. సెయింట్ కెవిన్ పడక అంటారు దాన్ని. ఒక మనిషి ముడుచుకుని పడుకుంటే నిండిపోయేంత చోటు. ఆ రోజు సన్నగా వాన పడుతోంది, నీళ్లు నల్లగా ఉన్నాయి. ఒడ్డున ఒక రాయి మీద కూర్చుని వాడికి పిట్ట కథ చెప్పాను.

ఆయన ఉన్న గుడిసె ఎంత ఇరుకంటే, ప్రార్థన కోసం చెయ్యి చాస్తే కిటికీ బయటికి వచ్చేసేది. ఈస్టర్‌కి ముందు వచ్చే ఉపవాస దినాల్లో ఒకరోజు అలా అరచెయ్యి పైకి పెట్టి ప్రార్థన చేస్తుంటే ఒక నల్లపిట్ట వచ్చి ఆ చేతిలో వాలింది. బ్లాక్‌బర్డ్ అంటారు దీన్ని, గోరింకంత ఉంటుంది, మగపిట్టకి పసుపు ముక్కు. ఇక్కడ ప్రతి పెరట్లోనూ కనిపిస్తుంది. ఆ పిట్ట ఆయన చేతినే గూడు అనుకుని గుడ్లు పెట్టింది. ఆయనకి జాలేసింది. చెయ్యి మూయలేదు, వెనక్కి తీసుకోలేదు. పిల్లలు బయటికి వచ్చేదాకా అలాగే ఉండిపోయాడు. పన్నెండో శతాబ్దంలో ఐర్లండ్ గురించి రాసిన జెరాల్డ్ అనే వేల్స్ దేశపు మతగురువు ఈ కథను నమోదు చేశాడు. ఐర్లండ్ అంతటా కెవిన్ బొమ్మల్ని చేతిలో పిట్టతోనే చెక్కుతారని కూడా రాశాడు. 1995లో ఐరిష్ కవి షేమస్ హీనీకి సాహిత్యంలో నోబెల్ వచ్చినప్పుడు, స్టాక్‌హోమ్‌లో చేసిన ప్రసంగంలో ఆయన చెప్పిన కథల్లో ఇదీ ఒకటి.

కథ అయ్యాక మా వాడు వానలోకి అరచెయ్యి చాపి కాసేపు ఉన్నాడు. "అమ్మా, నొప్పి పుట్టలేదా ఆయనకి?" అని అడిగాడు. పుట్టే ఉంటుంది నాన్నా అన్నాను. అమ్మమ్మకి చెబితే ఆవిడ అడిగింది వేరు: "పిల్లలన్నీ బతికాయా?" బతికాయి అన్నాక గానీ తర్వాతి మాట మాట్లాడలేదు. ఆ రోజు నుంచి ఆవిడ బైబిల్ సంగతి మళ్లీ ఎత్తలేదు.

పేరు ఇంత పాతదే అయినా, మామూలు పిల్లలకు కెవిన్ అని విరివిగా పెట్టడం మొదలైంది ఇరవయ్యో శతాబ్దంలోనే. ఇంగ్లీషు పాలనలో మరుగున పడిన ఐరిష్ భాషను తిరిగి నిలబెట్టాలని 1893లో గేలిక్ లీగ్ ఏర్పడింది. ఆ ఊపులో పాత ఐరిష్ పేర్లు మళ్లీ ఇళ్లల్లోకి వచ్చాయి. అలాంటి ఇళ్ల తరంలో పుట్టినవాడే కెవిన్ బ్యారీ. డబ్లిన్‌లో వైద్య విద్యార్థి. స్వాతంత్ర్య పోరాటంలో బ్రిటిష్ సైనికుల మీద జరిగిన దాడిలో పట్టుబడ్డాడు. 1920 నవంబర్ 1న మౌంట్‌జాయ్ జైలులో ఉరి తీశారు. అప్పటికి పద్దెనిమిదేళ్లు. మన ఖుదీరాం బోస్‌ని 1908లో ఉరి తీసినప్పుడు ఆయనకూ పద్దెనిమిదేళ్లే. ఇక్కడ పెద్దవాళ్లు కెవిన్ అనగానే ఒకరు పిట్ట కథ ఎత్తితే ఇంకొకరు ఈ కుర్రాడి పేరు ఎత్తుతారు.

అక్కడి నుంచి ఈ పేరు ఐరిష్ వలస కుటుంబాలతో అమెరికా వెళ్లింది, 1960ల్లో అక్కడ బాగా నడిచింది. మన దగ్గరికి ఇంగ్లీషు ద్వారా, సినిమాల ద్వారా వచ్చింది.

మీ మూడో ప్రశ్న దగ్గరికి వస్తే, అవును, అది నిజమే, కానీ అన్ని చోట్లా కాదు. మా తమ్ముడు జర్మనీలో ఉంటాడు. మేం పేరు చెప్పగానే, "అక్కా, ఈ పేరు వద్దు, ఇక్కడ నవ్వుతారు" అన్నాడు. అప్పుడు నాకు చాలా బాధేసింది. జరిగింది ఏమిటంటే, 1990లో హోమ్ అలోన్ సినిమా వచ్చింది. ఇంట్లో ఒంటరిగా మిగిలిపోయిన పిల్లాడి పేరు కెవిన్. జర్మనీలో ఆ సినిమా టైటిల్‌లోనే కెవిన్ అని పెట్టారు. నటుడు కెవిన్ కాస్ట్‌నర్ కూడా అప్పుడే వెలిగిపోతున్నాడు. 1991లో జర్మనీలో మగపిల్లల పేర్లలో కెవినే మొదటిది. ఫ్రాన్స్‌లోనైతే 1989 నుంచి 1994 వరకు వరసగా మొదటి స్థానం. అంతలా పాకేసరికి డబ్బున్నవాళ్లు, బాగా చదువుకున్నవాళ్లు ఆ పేరు మానేశారు. సినిమాలు చూసి పేర్లు పెట్టే పేదవాళ్ల పేరు అని ముద్ర వేశారు. 2009లో జర్మనీలోని ఓల్డెన్‌బర్గ్‌లో ప్రైమరీ టీచర్ల మీద ఒక సర్వే జరిగింది. కెవిన్ అనే పేరు వినగానే అల్లరి పిల్లాడు, చదువు రానివాడు అని చాలామంది ఊహించుకుంటున్నారని తేలింది. ఒక టీచరైతే "కెవిన్ అనేది పేరు కాదు, రోగ నిర్ధారణ" అని రాశారు.

ఇది అన్యాయం అని నా అభిప్రాయం. అందులో పేరు చేసిన తప్పేమీ లేదు, పిల్లాడు చేసిన తప్పు అసలే లేదు. అది పేదవాళ్ల మీద చిన్నచూపు, పేరు మీద తోసేశారు. ఆ తరం పిల్లలు ఇప్పుడు పెద్దవాళ్లయ్యారు, డాక్టర్లయ్యారు, 2022లో కెవిన్ అనే పేరున్న ఇద్దరు ఫ్రాన్స్ పార్లమెంటుకు కూడా ఎన్నికయ్యారు. అయినా మీరు జర్మనీలోనో ఫ్రాన్స్‌లోనో స్థిరపడే ఆలోచనలో ఉంటే ఈ సంగతి తెలిసి పెట్టుకోండి. బళ్లో ఎవరైనా ఏదైనా అంటే పిల్లాడికి చెప్పుకోవడానికి పిట్ట కథ ఉంటుంది. ఐర్లండ్‌లో, అమెరికాలో, ఇండియాలో మీకు ఈ టెన్షన్ అక్కర్లేదు. ఐర్లండ్‌లో ఇది గౌరవమైన పేరే. కాకపోతే ఇప్పుడు పిల్లలకు పెట్టడం తగ్గింది. మా ఆసుపత్రిలో నాకు తెలిసిన కెవిన్‌లు అందరూ నలభై దాటినవాళ్లే, మా వాడి క్లాసులో వాడొక్కడే.

పాస్‌పోర్టులో కే, ఈ, వీ, ఐ, ఎన్ అనే మామూలు స్పెల్లింగే పెట్టించండి. ఐరిష్ స్పెల్లింగు చూడ్డానికి బాగుంటుంది గానీ మన దగ్గర ఏ ఆఫీసులోనూ సరిగ్గా చదవలేరు. పెద్దవాళ్లకి మనసుకి పట్టేలా వెనక ఇంకో పేరు కలపొచ్చు, మేం మా తాతగారి పేరు దానియేలు కలిపాం. రేపు ఆడపిల్ల పుడితే ఇదే కోయెమ్ నుంచి వచ్చిన క్వీవా అనే పేరు ఉంది, ఇక్కడ ఆడపిల్లలకు చాలా ఇష్టంగా పెడతారు. తెలుగులో కెవిన్ అనే రాయండి. పలకడం మాత్రం మీ ఇష్టం. మా అమ్మమ్మ ఫోన్‌లో ఇప్పటికీ "కెవీనూ" అని దీర్ఘం తీసి పిలుస్తుంది. ఆ కనెమారా ఆవిడ పలికినదానికి మా అందరికంటే ఆవిడ పిలుపే దగ్గరగా ఉంటుంది.