పాయింటా, జీతమా? జీతమే అడగండి

ప్రశ్న: నాకు 31 ఏళ్లు. జూబ్లీహిల్స్‌లో ఒక బార్‌లో సీనియర్ బార్‌టెండర్‌ని. చేరి నాలుగేళ్లు దాటింది. యూసుఫ్‌గూడలో అద్దెకు ఉంటున్నాం. భార్య, నాలుగేళ్ల పాప. జీతం 28,000, పీఎఫ్ 1,800, వృత్తి పన్ను 200 పోను చేతికి 26,000. టిప్పులు మంచి నెలల్లో 22,000 దాకా వస్తాయి, డల్ నెలల్లో ఏడెనిమిది వేలే. అద్దె 11,000, ఇంటి ఖర్చు, పాప బడి కలిపి 15,000, బండి ఈఎంఐ 4,200, ఊళ్లో అమ్మకు 3,000. మా బార్ పాత కెప్టెన్ (సర్వర్ల మీద పెద్ద) నడిపే 5 లక్షల చీటీకి (50 నెలలు) నెలకు 10,000 కడుతున్నా, 18 నెలలైంది, ఇంకా పాడుకోలేదు. క్రెడిట్ కార్డు బాకీ 62,000 ఉంది. ఇప్పుడు మా ఓనరు ‘జీతం 3,000 పెంచమంటావా, టిప్పుల్లో ఒక పాయింట్ (అందరి టిప్పులూ కలిపి పంచేటప్పుడు లెక్కేసే వాటా) ఎక్కువ తీసుకుంటావా’ అని అడుగుతున్నారు. పాయింటుకు సగటున నెలకు 4,500 పడుతుంది. ఇంకోపక్క ఒక ఏజెంటు 1,80,000 కడితే దుబాయ్‌లో ఉద్యోగం ఇప్పిస్తానంటున్నాడు. విజిట్ వీసా మీద వెళ్లి అక్కడ మార్చుకోవాలట. హోమ్ లోన్‌కు వెళ్తే టిప్పులు లెక్కలోకి రావని పంపేశారు. పాప పేరున ఏదైనా వేయాలని ఉంది. ఈ లైన్‌లో ఇంకెన్నాళ్లు ఉండగలనో తెలియడం లేదు. ఏం చేయమంటారు?
– పేరు వేయవద్దన్న పాఠకుడు, హైదరాబాద్

జవాబు: జీతమే తీసుకోండి. పాయింటు తీసుకుంటే ఏడాదికి 54,000, జీతం పెరిగితే 36,000. కాగితం మీద పాయింటే గెలుస్తుంది, మీ తోటివాళ్లూ అదే చెప్పి ఉంటారు. అయినా జీతమే అనడానికి కారణం మీ ఉత్తరంలోనే ఉంది.

మీరు రాసిన ఖర్చులన్నీ కూడితే నెలకు 43,200. చేతికొచ్చే జీతం 26,000. అంటే ప్రతి నెలా 17,200 టిప్పుల్లోంచి రావాలి. 22,000 వచ్చిన నెల 4,800 మిగులుతుంది. 7,500 వచ్చిన నెల 9,700 తక్కువ పడుతుంది. ఒక చెడ్డ నెలను పూడ్చడానికి రెండు మంచి నెలల మిగులు కావాలి. ఆ మిగులు చేతిలో నిలవదు కాబట్టి కార్డు గీకారు. ఆ 62,000 ఏదో దుబారా వల్ల వచ్చిన బాకీ కాదు, డల్ నెలల లెక్క అంతే.

మీ వృత్తి పంచాంగాన్ని బట్టి నడుస్తుంది. శ్రావణంలో కొంతమంది మందు మానేస్తారు, కార్తీకంలో చాలామంది మానేస్తారు. అయ్యప్ప మాల వేసుకున్నవాళ్లు మండలం రోజులు అటువైపే రారు. గాంధీ జయంతి ఉంది, నిమజ్జనం ఉంది. ఎన్నికలొస్తే పోలింగ్ ముగిసే వేళకు ముందు 48 గంటలు షట్టర్ దించాల్సిందే. ఐపీఎల్ సాయంత్రాలు, డిసెంబర్ 31 వారం ఎంత ఇచ్చినా ఈ లోటు అంతటినీ పూడ్చవు. ఇవన్నీ ముందే తెలిసే తేదీలు. తెలియనివీ వస్తాయి. 2020 మార్చిలో మూతపడ్డ బార్లు తెలంగాణలో తెరుచుకునేసరికి సెప్టెంబర్ ఆఖరు వారం అయింది. వైన్ షాపులేమో మే మొదట్లోనే తెరిచారు. ఆ ఆరు నెలలూ కొందరికి సగం జీతమైనా దక్కింది. టిప్పు మాత్రం ఒక్కరికీ లేదు.

పైగా పాయింటు విలువ మీ చేతిలో లేదు. పక్క రోడ్డులో కొత్త బార్ తెరిస్తే మీ కస్టమర్లు రెండు నెలలు అక్కడే ఉంటారు. ఓనరు ఇంకో నలుగురిని తీసుకుంటే అదే టిప్పుల డబ్బు ఎక్కువమందికి పంచాలి. సర్వీస్ ఛార్జీ సంగతీ చూశారుగా. బిల్లులో దాన్ని తమంతట తాము కలపకూడదని కేంద్ర వినియోగదారుల రక్షణ సంస్థ 2022 జులైలో మార్గదర్శకాలిచ్చింది, ఢిల్లీ హైకోర్టు 2025 మార్చిలో వాటిని సమర్థించింది. కస్టమర్‌గా నాకది న్యాయమే అనిపిస్తుంది. కానీ ఆ ఛార్జీలోంచి సిబ్బందికి వాటా ఇచ్చే చోట్ల ఆ వాటా ఎవరు భర్తీ చేస్తారన్నది ఎవరూ మాట్లాడలేదు.

జీతం పెంచమన్నప్పుడు ఇంకో మాట కూడా అడగండి: ఆ 3,000 అలవెన్స్ పేరుతో కాకుండా బేసిక్‌లో (మూల వేతనంలో) కలపమనండి. మీ పీఎఫ్ కోత చూస్తే బేసిక్ 15,000 మీద లెక్కేస్తున్నట్టుంది. ఐదేళ్లు పూర్తయ్యాక వచ్చే గ్రాట్యుటీని ఆఖరి బేసిక్ మీద ఏడాదికి 15 రోజుల చొప్పున, నెలను 26 రోజులుగా తీసుకుని కడతారు. 15,000 బేసిక్ మీద ఐదేళ్లకు దాదాపు 43,270 వస్తుంది. 18,000 మీద దాదాపు 51,920. నాలుగేళ్లు దాటినవారు ఐదు నిండకుండా బయటికి రావద్దు, దుబాయ్ కోసమైనా సరే. నియామక పత్రం చేతిలో ఉందో లేదో కూడా చూసుకోండి. 2025 నవంబర్ 21న అమల్లోకి వచ్చిన కొత్త కార్మిక కోడ్‌ల ప్రకారం అది ఇవ్వడం యాజమాన్యం బాధ్యత. మీరు చేరిన తేదీకి అదే రుజువు.

ఇక టిప్పులు, బ్యాంకు. ఇప్పుడు నోట్లు తగ్గి స్కానింగ్ పెరిగింది కదా. చాలా బార్లలో జరిగేది ఇదీ: రాత్రి ఒంటిగంటకు కౌంటర్ కడిగి, జిగ్గర్లు (పెగ్గు కొలిచే కప్పులు), షేకర్లు బోర్లించాక, టిప్పుల క్యూఆర్ ఎవరి ఫోన్‌ది అయితే వాళ్ల చుట్టూ అందరూ చేరతారు. బార్‌టెండర్‌కు ఇన్ని పాయింట్లు, బార్‌బ్యాక్‌కు (బార్‌టెండర్ సహాయకుడికి) ఇన్ని, కిచెన్‌కు ఇన్ని అని పంచుకుంటారు. ఆ క్యూఆర్ మీదే అయితే జాగ్రత్త. పదిమంది డబ్బు మీ ఖాతాలో మీ ఆదాయంలా కనిపిస్తుంది. ఎవరి వాటా వాళ్లకు ఆ రాత్రే యూపీఐలో పంపేయండి, నగదుగా ఇవ్వకండి. తేదీ, మొత్తం, ఎవరికెంత అని ఒక నోట్‌బుక్‌లో రాసి సంతకాలు పెట్టించండి. మీ వాటాను మాత్రం మీ ఖాతాలోనే ఉంచండి.

తర్వాత ఆదాయపు పన్ను రిటర్న్ వేయండి. టిప్పులు చూపిస్తే పన్ను పడుతుందని మీ లైన్‌లో చాలామందికి భయం. మీ విషయంలో ఆ భయం అక్కర్లేదు. జీతం ఏడాదికి 3,36,000. కొత్త విధానంలో 75,000 స్టాండర్డ్ డిడక్షన్ పోతే 2,61,000. టిప్పులు సగటున నెలకు 15,000 అనుకుంటే 1,80,000. మొత్తం 4,41,000. 2025-26 నుంచి కొత్త విధానంలో 12 లక్షల దాకా రిబేట్ ఉంది కాబట్టి కట్టాల్సింది సున్నా. కాకపోతే 4 లక్షలు దాటింది కనుక రిటర్న్ వేయడం తప్పనిసరి. టిప్పులు జీతం కిందికి రావని, యజమాని వాటి మీద టీడీఎస్ (ముందే కోసే పన్ను) కోయనక్కర్లేదని సుప్రీంకోర్టు 2016లో ఒక హోటల్ కేసులో తేల్చింది. మీరు వాటిని ‘ఇతర ఆదాయం’ కింద చూపిస్తారు. ఇలా రెండు మూడేళ్లు వరుసగా వేస్తే, కొన్ని బ్యాంకులైనా ఆ ఆదాయంలో కొంత లెక్కలోకి తీసుకుంటాయి. ఈలోగా పెరిగిన 3,000 జీతం కూడా పనికొస్తుంది. అందులో సగం ఈఎంఐకి అర్హత అనుకున్నా, 20 ఏళ్ల కాలానికి, 9 శాతం వడ్డీకి లోన్ మరో లక్షన్నర పైన పెరుగుతుంది. పాయింటు వల్ల ఇవాళ ఒక్క రూపాయి కూడా పెరగదు.

సొంతిల్లు ఇప్పుడే వద్దు. కార్డు బాకీ ఉండగా హోమ్ లోన్ మాటే ఎత్తకండి. చాలా కార్డుల మీద నెలకు దాదాపు మూడున్నర శాతం వడ్డీ వేస్తారు, ఏడాదికి 42 అన్నమాట. ఆ బాకీ తీర్చడానికి నాకు కనిపించే దారి మీ చీటీయే.

ఆ చీటీ నాకు నచ్చలేదు. పాత కెప్టెన్ మంచివాడే కావచ్చు. కానీ 1982 చిట్ ఫండ్స్ చట్టం ప్రకారం రిజిస్ట్రార్ దగ్గర నమోదు కాని చీటీ నడపడమే నేరం. ఆయన చేతులెత్తేస్తే మీరు కట్టిన డబ్బు రాబట్టుకోవడం తల ప్రాణం తోకకొస్తుంది. మీరింకా పాడుకోలేదు కాబట్టి ప్రస్తుతం రిస్కంతా మీదే. అందుకే వచ్చే రెండు మూడు పాటల్లో ఎత్తేయండి. లక్ష దాకా కోత పడినా ఫర్వాలేదు. 4 లక్షలు చేతికొస్తే ముందు కార్డు 62,000 కట్టేయండి. మిగిలిన 3,38,000 మీ పేరున బ్యాంకులో ఫిక్స్‌డ్ డిపాజిట్‌గా, ఒకే ముక్కగా కాకుండా 50,000 చొప్పున విడివిడిగా వేయండి. డల్ నెలలో చీటీ వాయిదాకు తక్కువ పడితే ఒక ముక్క విరవండి. ఎత్తుకున్నాక మిగతా వాయిదాలు చివరిదాకా కట్టాల్సిందే, అందులో మొహమాటం లేదు. షూరిటీ పేరుతో ఖాళీ ప్రాంసరీ నోటు మీద, ఖాళీ చెక్కు మీద మాత్రం సంతకం పెట్టకండి. అంకె రాసిన తర్వాతే.

దుబాయ్ ఏజెంటు విషయంలో ఎక్కువ ఆలోచించనక్కర్లేదు. విదేశాంగ శాఖ లైసెన్స్ ఉన్న రిక్రూటింగ్ ఏజెంటు అభ్యర్థి దగ్గర 30,000 రూపాయలు, దాని మీద జీఎస్‌టీ మించి తీసుకోకూడదు. 1,80,000 అడిగాడంటే, అందులోనూ విజిట్ వీసా మీద వెళ్లి మార్చుకోవాలన్నాడంటే, ఆ మనిషికి దండం పెట్టి వచ్చేయండి. విజిట్ వీసా మీద పనిచేయడం అక్కడ చట్టవిరుద్ధం. జీతం ఎగ్గొట్టినా ఫిర్యాదు చేసే దిక్కుండదు. నిజంగా వెళ్లాలనుంటే కేంద్ర ప్రభుత్వ ఈమైగ్రేట్ పోర్టల్‌లో ఏజెంటు లైసెన్స్ చూసుకోండి, తెలంగాణ ప్రభుత్వ సంస్థ టామ్‌కామ్‌లోనూ వాకబు చేయండి. అదీ గ్రాట్యుటీకి ఐదేళ్లు నిండాకే.

ఎన్నాళ్లు ఉండగలనని అడిగారు. మీ బార్‌లో, మీకు తెలిసిన బార్లలో కౌంటర్ వెనక నలభై దాటినవాళ్లు ఎంతమంది ఉన్నారో లెక్కపెట్టండి. వేళ్ల మీదే తేలుతుంది. పదేళ్ల కిందట పెగ్గు కొలిచి సోడా పోయడం వస్తే చాలు. 2015లో తెలంగాణ మైక్రోబ్రూవరీలకు నిబంధనలు తెచ్చాక, గచ్చిబౌలి, ఫైనాన్షియల్ డిస్ట్రిక్ట్ వైపు కొత్త బార్లు పెరిగాక, చేయి తిరిగినవాళ్లకు గిరాకీ వచ్చింది. ఒక బార్ వాళ్లను ఇంకో బార్ లాక్కుపోతోంది. కానీ ఇంటీరియర్‌కు కోట్లు పోసే ఓనరు బేసిక్ దగ్గరికొచ్చేసరికి చేయి వెనక్కి తీస్తాడు. గిరాకీ అంతా కౌంటర్ దగ్గరే, పై మెట్టు మీద ఉండేది ఒక్క బార్ మేనేజర్. ఆ మెట్టెక్కించేది బాటిళ్లు గాల్లో ఎగరేసే ఫ్లెయిర్ కాదు, స్టాకు లెక్క. ఒక్కో డ్రింకుకు ఎంత ఖర్చు పడుతోంది, బాటిల్‌కు 30 ఎంఎల్ పెగ్గులు ఎన్ని రావాలి, ఎన్ని వస్తున్నాయి, నెలాఖరు తేడా ఎక్కడ పోతోంది అన్నవి ఎక్సెల్‌లో చూపగలిగినవాడినే మేనేజర్‌ను చేస్తారు. మీ మేనేజర్ నెలాఖరు స్టాక్ తీసేటప్పుడు పక్కన కూర్చుంటానని అడగండి, పైసా ఖర్చు లేదు. స్పిరిట్స్ మీద డబ్ల్యూఎస్‌ఈటీ లాంటి సర్టిఫికెట్ కోర్సు చేయాలనుంటే కార్డు బాకీ తీరాక చూద్దాం.

బీమా గురించి మీరు అడగలేదు, అయినా చెబుతున్నా. మీ జీతం 21,000 దాటింది కాబట్టి ఈఎస్ఐ (ఉద్యోగుల ప్రభుత్వ ఆరోగ్య బీమా) వర్తించకపోవచ్చు. కంపెనీ ఇచ్చే గ్రూప్ పాలసీ ఉంటే అది ఉద్యోగంతోనే పోతుంది. ముగ్గురికీ కలిపి సొంత ఫ్యామిలీ ఫ్లోటర్ (ఇంటిల్లిపాదికీ ఒకే ఆరోగ్య పాలసీ) తీసుకోండి. 2025 సెప్టెంబర్ 22 నుంచి వ్యక్తిగత ఆరోగ్య, జీవిత బీమా ప్రీమియంల మీద జీఎస్‌టీ లేదు. ఈ వారమే మీ బ్యాంకులో ప్రధానమంత్రి జీవన్ జ్యోతి (ఏడాదికి 436), సురక్ష బీమా (20 రూపాయలు) రెండూ పెట్టించండి, ఒక్కోదానికి 2 లక్షల కవర్. రిటర్న్ వేశాక పెద్ద టర్మ్ పాలసీకి వెళ్లవచ్చు. సంబంధాలు చూసేటప్పుడు ‘హోటల్లో మేనేజర్’ అని చెప్పుకోవడం మీ లైన్‌లో మామూలే, దాన్ని నేను తప్పుపట్టను. బీమా ఫారంలో మాత్రం బార్‌టెండర్ అనే రాయండి. మందు అలవాటుందా అన్న ప్రశ్నకూ ఉన్నదున్నట్టు రాయండి. అక్కడ దాచింది క్లెయిం రోజున బయటపడుతుంది.

పాప పేరున సుకన్య సమృద్ధి మంచిదే, వడ్డీ ఇప్పుడు 8.2 శాతం. కానీ 42 శాతం వడ్డీ బాకీ పెట్టుకుని అందులో నెలనెలా వేయడం లెక్క కుదరదు. కార్డు తీరేదాకా ఏడాదికి కనీస మొత్తం 250 మాత్రమే వేసి ఖాతా తెరిచి ఉంచండి. పోస్టాఫీసుకు వెళ్లేటప్పుడు పాప జనన ధ్రువపత్రం, మీ ఆధార్, పాన్, ఫొటోలు తీసుకెళ్లండి.