భర్త ఓపెన్ మ్యారేజ్ అడిగాడు, సరే అన్నాను, కానీ నిద్ర పట్టడం లేదు. ఏం చేయాలి?

ప్రశ్న అడిగినామె కావలి దగ్గర ఉంటారు. పెళ్లయి ఎనిమిదేళ్లు, ఒక బాబు, ఉద్యోగం లేదు. భర్త మంచివాడే, ఈ మధ్య "మనం విడిపోవద్దు, కానీ ఇష్టమైతే ఇద్దరం బయట కూడా ఒకరితో ఉండొచ్చు, నీకూ అదే స్వేచ్ఛ, ఏదీ దాచుకోవద్దు" అన్నాడట. ఆమె సరే అన్నారు, అన్నప్పటినుంచీ నిద్ర లేదంటున్నారు. ఇది నేరమా, మన వైపు ఇలా బతికేవాళ్లు ఎవరైనా ఉన్నారా, అక్కకి చెప్పాలా అని అడిగారు.

ఉన్నారమ్మా. మాది నెల్లూరు, వేదాయపాళెం. పెళ్లయి ఇరవై ఏళ్లు దాటింది, అందులో చాలా ఏళ్లుగా మేం ఇలాగే ఉన్నాం. మావారిది రొయ్యల మేత వ్యాపారం, నేను బ్యాంకులో చేస్తాను. ఆయనకి చెన్నైలో ఒకామె ఉన్నారు, ఆ సంగతి నాకు తెలుసు, ఆమెతో నేను ఫోన్లో మాట్లాడతాను కూడా. నాకు ఒంగోలులో ఒకాయనతో స్నేహం ఉండేది, ఆయనకి బదిలీ అయ్యాక అది మెల్లగా ఆగిపోయింది, అది మొదలవకముందే మావారికి చెప్పాను. మీరు ఒప్పుకోవాలనో, మానుకోవాలనో చెప్పడానికి రాయడం లేదు. మీ ప్రశ్నలో ఒక వాక్యం నాకు గుచ్చుకుంది. "వద్దన్నా ఎట్టాగూ ఆయన ఆగడేమో, అందుకే సరే అన్నాను" అని రాశారు చూడండి, దాని కోసం రాస్తున్నాను.

ఆ సరే లెక్కలోకి రాదు. ఇలాంటి విషయంలో భార్య సరే అన్నదా అని అందరూ అడుగుతారు, వద్దంటే ఆమెకి ఏం పోతుంది అని ఎవరూ అడగరు. వద్దంటే నెల ఖర్చుకి డబ్బు ఆగుతుందా, నెల రోజులు ముఖం మాడ్చుకుని తిరుగుతాడా, పుట్టింటికి పొమ్మంటాడా, స్నేహితుల ముందు "మా ఆవిడ పాతకాలం మనిషి" అని తీసిపారేస్తాడా, లేకపోతే చెప్పకుండా చేసేస్తాడా? వీటిలో ఏ ఒక్కటి జరిగేట్టున్నా మీరిచ్చింది ఒప్పుదల కాదు, భయం. మన జిల్లాల్లో ఉద్యోగం లేని, పేరు మీద సెంటు భూమి లేని ఆడవాళ్లు ఎంతమందో, వాళ్ల సరే అంతా ఇలాంటిదే అయ్యే ప్రమాదం ఉంది. ఓపెన్ మ్యారేజ్ గురించి రాసేవాళ్లంతా నిజాయితీ, మాట్లాడుకోవడం, ప్రేమ అంటారు, అవన్నీ కావాలి, కానీ వాటికంటే ముందు ఇల్లు ఎవరి పేరు మీద ఉందో చూడాలి అని నా అభిప్రాయం, దీన్ని మార్చుకునే అవసరం ఇంతవరకు నాకు రాలేదు.

నా సంగతి చెప్తాను, పోల్చుకోవడానికి పనికొస్తుంది. చెన్నై ఆమె హ్యాచరీ (రొయ్య పిల్లల్ని పెంచి అమ్మే కేంద్రం) లైనులో పనిచేస్తారు, సీడ్, అంటే ఆ రొయ్య పిల్లలు, కొనే పని మీద పరిచయం. ఇద్దరి మధ్య ఏమీ జరగకముందే మావారు వచ్చి, ఆమె అంటే ఇష్టం కలుగుతోంది, నీకు తెలియకుండా ఒక్క అడుగు వేయను, నువ్వు వద్దంటే ఆ కంపెనీతో సీడ్ కొనడం కూడా మానేస్తాను అన్నారు. నేను ఏడాది దాకా జవాబు చెప్పలేదు. ఆ ఏడాదిలో ఆయన ఒక్కసారి కూడా ఏమాలోచించావు అని అడగలేదు, అలగలేదు, ఇంటి ఖర్చులో తేడా రాలేదు, నాతో మామూలుగానే ఉన్నారు. నాకు జీతం ఉంది, మేముండే ఇల్లు మా నాన్న నా పేరు మీద రాసింది. వద్దని చెప్పి హాయిగా పడుకోగలిగే స్థితిలో ఉండి నేను సరే అన్నాను. మీ ఆయన అడిగిన ఎన్ని రోజులకి మీరు సరే అన్నారు? ఆ రాత్రే అని ఉంటారని నాకు అనిపిస్తోంది.

ఇంకొకామె సంగతి, మాకు తెలిసినామె, ఊరు చెప్పను. భర్త మీలాగే అడిగాడు, ఆమెకి రాబడి లేదు, సరే అంది. తర్వాత ఆమెకి కూడా ఒకరు పరిచయమయ్యేసరికి అతను తట్టుకోలేకపోయాడు. తన సంబంధం స్వేచ్ఛ, ఆమెది మాత్రం తిరుగుడు. ఆమె ఫోన్‌లో మెసేజీలు ఫొటో తీసి పెద్దమనుషుల ముందు పెట్టాడు, తను అడిగిన మాట ఎక్కడా ఎత్తలేదు. ఇప్పుడు ఆమె పుట్టింట్లో ఉంది. "నీకూ అదే స్వేచ్ఛ" అనే మాటని మగవాళ్లు చాలా తేలిగ్గా అంటారమ్మా, దాన్ని నిజంగా భరించగలడా లేదా అన్నది భార్య ముస్తాబై బయటికి వెళ్లిన సాయంత్రం తెలుస్తుంది. మావారు ఆ మొదటి సాయంత్రం పాపకి ట్యూషన్ దగ్గర బండి మీద కాపలా కాసి, తీసుకొచ్చి, అన్నం పెట్టి పడుకోబెట్టారు. లోపల ఆయనకి కష్టంగానే ఉందట, పొద్దున చెప్పారు, చెప్పి ఆఫీసుకి వెళ్లిపోయారు, నా మీద ఏమీ విసరలేదు.

ఇక చట్టం. నేరం కాదు. పాత ఐపీసీలో 497వ సెక్షన్ ఉండేది, 1860 నాటిది. పెళ్లయిన స్త్రీతో ఆమె భర్త సమ్మతి లేకుండా సంబంధం పెట్టుకున్న మగవాడికి ఐదేళ్ల దాకా జైలు. భర్త సమ్మతి ఉంటే నేరమే లేదు. ఆమె ఇష్టమేంటి అని ఆ సెక్షన్ ఎక్కడా అడగలేదు, తన భర్త ఇంకొకామె దగ్గరికి పోతే భార్య కేసు పెట్టే దారి కూడా దాంట్లో లేదు. 2018 సెప్టెంబర్ 27న జోసెఫ్ షైన్ కేసులో సుప్రీంకోర్టు ఐదుగురు జడ్జిల ధర్మాసనం ఆ సెక్షన్‌ని కొట్టేసింది, భర్త భార్యకి యజమాని కాదని తీర్పులో రాశారు. 2024 జూలై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ న్యాయ సంహితలో దాన్ని మళ్లీ పెట్టలేదు. రెండో పెళ్లి మాత్రం నేరమే, ఏడేళ్ల దాకా శిక్ష ఉంది, కాబట్టి బయటి మనిషికి తాళి కట్టడం, దండలు మార్చుకోవడం లాంటివి ఎంత ప్రేమ ఉన్నా కుదరవు.

నేరం కాదు కాబట్టి భయం లేదనుకోవద్దు. హిందూ వివాహ చట్టం 1955 ప్రకారం భార్యాభర్తల్లో ఒకరు ఇంకొకరితో సంబంధం పెట్టుకుంటే విడాకులు కోరడానికి అది ఇప్పటికీ కారణమే. అదే చట్టంలో 23వ సెక్షన్ ఉంది, తను ప్రోత్సహించిన, లేదా చూసీ చూడనట్టు ఊరుకున్న సంబంధాన్ని చూపించి ఆ మనిషి విడాకులు పొందలేడు. వినడానికి బాగుంది, కానీ తనే ప్రోత్సహించాడని మీరు దేంతో చూపిస్తారు? మంచం మీద కూర్చుని నోటితో అన్న మాటకి సాక్ష్యం ఏముంది? స్టాంపు పేపరు మీద రాసుకున్నా దాన్ని ఒప్పందంగా కోర్టు అమలు చేయించదు. అందుకే ఇద్దరూ మాట్లాడుకున్నదాన్ని కనీసం మెసేజీల్లోనైనా ఉంచమంటాను, ఒప్పందంగా కాదు, ఎవరు అడిగారో రేపు అబద్ధం ఆడకుండా.

భరణం సంగతి ఇంకా ముఖ్యం, మీకు ఉద్యోగం లేదు కాబట్టి. పాత సీఆర్పీసీలో 125వ సెక్షన్, ఇప్పుడు భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 144. భార్య పరాయి మగవాడితో అక్రమ సంబంధంలో జీవిస్తోందని రుజువైతే ఆ సెక్షన్ కింద ఆమెకి భరణం రాదు. ఎప్పుడో ఒకసారి జరిగినదాన్ని కాకుండా కొనసాగుతున్న సంబంధాన్నే కోర్టులు చూస్తాయి, అయినా అటు భర్తకి పోయేది ఏమీ లేదు, ఇటు భార్యకి తిండి పోతుంది. సమాన స్వేచ్ఛ అని మీ ఆయన చెప్తున్నప్పుడు ఈ తేడా ఆయనకి తెలుసో లేదో అడగండి. తెలియకపోతే చెప్పండి. తెలిశాక, మీ పేరు మీద ఒక డిపాజిట్ వేయడానికో, ఇంట్లో మీ పేరు చేర్చడానికో సిద్ధపడతాడా చూడండి. మా బ్రాంచికి వచ్చే ఆడవాళ్లకి కూడా నేను ఇదే చెప్తుంటాను, ఈ విషయంతో సంబంధం లేకుండానే.

బలవంతం చేస్తే, లేదా ఎవరితోనో వెళ్లమని ఒత్తిడి చేస్తే అది వేరే సంగతి, అది క్రూరత్వం కింద నేరం, గృహహింస చట్టం కింద రక్షణ అడగొచ్చు. 181కి ఫోన్ చేస్తే మహిళా హెల్ప్‌లైన్. మీ ఆయన అలాంటివాడు కాదనే అనుకుంటున్నాను, నంబరు మాత్రం ఉంచుకోండి.

అసూయ గురించి మీరు అడగలేదు, అయినా వస్తుంది. నాకు ఎక్కడ వచ్చిందో చెప్తే ఆశ్చర్యపోతారు. ఆయన చెన్నైలో రాత్రి ఉండిపోతే నాకు పెద్దగా బాధ ఉండేది కాదు. ఒక వేసవిలో ఇందుకూరుపేట వైపు మాకు వాటా ఉన్న చెరువుల్లో రొయ్యలకి వైట్ స్పాట్ జబ్బు తగిలింది, రొయ్య అమ్మకానికి తగ్గ సైజుకి రాకముందే పట్టేసి దొరికిన రేటుకి అమ్ముకోవాల్సి వచ్చింది, మేత బాకీలు కూడా మునిగాయి. ఆ వార్త ఆయన ముందు ఆమెకి చెప్పారు. సీడ్ లైనులో మనిషి కదా, సలహా కోసం చేశాను అన్నారు, అది నిజమే కూడా. కానీ నాకు రెండు రోజులు అన్నం సయించలేదు. నష్టం వచ్చినప్పుడు మొదటి ఫోన్ నాకు రావాలి, నా పెళ్లంటే నాకు అదే అని అప్పుడు చెప్పాను. ఆయనకి అది ఒక్కసారి చెప్తే సరిపోయింది. డబ్బు, పాప, జబ్బు, ఈ మూడూ ముందు నాకే అని అప్పటినుంచి ఉంది.

నియమాలు పెట్టుకునేవాళ్లు చాలామంది "ప్రేమలో పడకూడదు" అని పెట్టుకుంటారు. అది ఎవరి చేతిలోనూ లేదు, దాన్ని కనిపెట్టడమూ కుదరదు. కంటికి కనిపించేవి పెట్టుకోండి. పండగలకి ఇంట్లో ఉండాలి, ఉమ్మడి ఖాతాలోంచి బయటి మనిషికి ఖర్చు పెట్టకూడదు, మన ఇంటికి తీసుకురాకూడదు, బంధువుల్లో, కొలీగ్స్‌లో, బాబు స్కూలు తల్లిదండ్రుల్లో ఎవరూ వద్దు, కండోమ్ లేకుండా వద్దు. అన్నిటికంటే పెద్దది, ఇద్దరిలో ఎవరు ఆపు అన్నా ఆ రోజే ఆగాలి, కారణం చెప్పనక్కర్లేదు.

ఆరోగ్యం గురించి సిగ్గుపడొద్దు. నెల్లూరులో, ఒంగోలులో పెద్దాసుపత్రుల్లో ఐసీటీసీ అనే హెచ్‌ఐవీ సలహా, పరీక్షా కేంద్రాల్లో పరీక్ష ఉచితం, వివరాలు బయటపెట్టకూడదని 2017 చట్టం ఉంది, 1097కి ఫోన్ చేసి కూడా అడగొచ్చు. సంబంధం జరిగిన వారానికే పరీక్ష చేయించుకుని నెగెటివ్ అని ధైర్యపడొద్దు, కొన్ని పరీక్షల్లో తేలడానికి మూడు నెలల దాకా పట్టొచ్చు. సిఫిలిస్, హెపటైటిస్ బీ కూడా చూపించుకోవాలి, హెపటైటిస్ బీకి టీకా ఉంది. హెర్పిస్, హెచ్‌పీవీ లాంటి లైంగికంగా సోకే వైరస్‌లని కండోమ్ పూర్తిగా ఆపలేదు.

టెలిగ్రామ్‌లో కపుల్స్ గ్రూపులు అని ఉంటాయి, నెల్లూరు, ఒంగోలు, చీరాల అని ఊళ్ల పేర్లతో కూడా. దయచేసి వాటి జోలికి పోవద్దు. జంట అని చెప్పుకునేవాళ్లలో చాలామంది ఒంటరి మగవాళ్లు, ముందు మీ ఫొటో అడుగుతారు, తర్వాత డబ్బు అడుగుతారు. మీ ఆయన ఇప్పటికే అక్కడ మీ ఫొటో పెట్టాడేమో సూటిగా అడగండి. మీరు ఇష్టపడి తీయించుకున్న ఏకాంతపు ఫొటో అయినా మీ ఒప్పుదల లేకుండా ఇంకొకరికి పంపితే నేరమే.

బయటి మనిషి కూడా మనిషేనమ్మా, ఇది ఎవరూ రాయరు. చెన్నై ఆమె భర్త నుంచి విడిపోయినామె, కొడుకుని ఒంటరిగా పెంచుకుంది. ఆమెకి డెంగీ వచ్చినప్పుడు మావారు ఆస్పత్రిలో ఉండిపోయారు, నేనే ఉండమన్నాను. సంక్రాంతికి ఆమెకి ఎవరూ ఉండరు, మా ఇంటికి పిలవలేం, ఆ బాధ నాకు ప్రతి ఏడాదీ ఉంటుంది. మీ ఆయన ఎవరితోనైనా మొదలుపెడితే, తనకి పెళ్లయిందనీ, భార్యని వదలడనీ ఆమెకి ముందే తెలియాలి. పెళ్లి చేసుకుంటానని అబద్ధం చెప్పి దగ్గరైతే భారతీయ న్యాయ సంహితలో 69వ సెక్షన్ కింద పదేళ్ల దాకా శిక్ష ఉంది.

ఊరు సంగతి మీకు తెలిసిందే. ట్రంకు రోడ్డులో కాఫీ తాగినా, మైపాడు బీచికి వెళ్లినా ఎవరో ఒక పిన్ని కొడుకు కనిపిస్తాడు. మా అత్తగారు ఒకసారి "ఏందమ్మే, వాడు వారం వారం మద్రాసు పోతాండాడు, నువ్వు అడగవా?" అన్నారు. నాకు తెలిసే పోతున్నారత్తా అన్నాను. ఆవిడ నా ముఖం వంక చూసి ఇంక అడగలేదు. మా పాప మాత్రం ఇంజినీరింగ్‌కి వచ్చాక సూటిగా అడిగింది, నేను సూటిగానే చెప్పాను. కొన్నాళ్లు వాళ్ల నాన్నతో మాట్లాడలేదు. ఇప్పుడు మాట్లాడుతుంది, కానీ తనకి మాత్రం ఇలాంటి పెళ్లి వద్దని తేల్చి చెప్పింది, అది తన ఇష్టం.

అక్కకి చెప్పాలా అన్నారు. చెప్పండి. ఎవరికీ చెప్పొద్దని మీ ఆయన అని ఉంటే ఇంకా తప్పకుండా చెప్పండి, మీ తరఫున ఆలోచించే ఒక్క మనిషైనా మీకు ఉండాలి. బాబుని తీసుకుని ఒక వారం అక్క దగ్గర ఉండి రండి. తిరిగొచ్చాక "నేను తొందరపడి సరే అన్నాను, ఇప్పటికి వద్దు, మళ్లీ నేనే ఎత్తేదాకా ఈ మాట ఎత్తొద్దు" అని మీ ఆయనతో ప్రశాంతంగా చెప్పండి. సరే అని ఊరుకుంటాడా, అలుగుతాడా, వాదిస్తాడా చూడండి. ఒక నెల చూశాక ఏం జరిగిందో ఇక్కడే రాయండి, నేను చూస్తుంటాను.