బ్రోచర్ నమ్మి ప్లాటుకు అడ్వాన్స్ కట్టాను, తిరిగి వస్తుందా?

ప్రశ్న: మాది కర్నూలు సీ క్యాంప్. రాజ్‌విహార్ సెంటర్‌లో హోర్డింగ్ చూసి ఓర్వకల్లు దగ్గర వెంచర్‌లో ప్లాటు బుక్ చేశాను. ‘అప్రూవ్డ్ లేఅవుట్, ఎయిర్‌పోర్టుకు 5 నిమిషాలు’ అని బ్రోచర్‌లో ఉంది. ధర 14 లక్షలు. అడ్వాన్స్ 3 లక్షలు కట్టాను. వెళ్లి చూస్తే జొన్న చేను, నాలుగు హద్దు రాళ్లు! అనుమతికి అప్లై చేశామంటున్నారు. డబ్బు అడిగితే, రసీదు మీద ‘నాన్ రిఫండబుల్’ అని ఉందంటున్నారు. టైలరింగ్ చేసి కూడబెట్టిన డబ్బు సార్.

జవాబు: అమ్మా, టెన్షన్ పడకండి. రసీదు మీద వాళ్లు వేసుకున్న ముద్ర చట్టం కంటే పెద్దది కాదు.

2016 నాటి రెరా చట్టం (ఇళ్లు, ప్లాట్ల అమ్మకాలను నియంత్రించే చట్టం) సెక్షన్ 12 మీలాంటి వాళ్ల కోసమే ఉంది. ప్రకటనలో చెప్పిన అబద్ధాన్ని నమ్మి డబ్బు కట్టి నష్టపోతే పరిహారం అడగొచ్చు. ప్లాటే వద్దనుకుంటే కట్టిన మొత్తం వడ్డీతో సహా వెనక్కి ఇవ్వాలి. అసలు 500 చదరపు మీటర్లు దాటిన వెంచర్‌కు రెరా రిజిస్ట్రేషన్ రాకముందే ప్రకటన ఇవ్వడమే తప్పు. అప్లై చేస్తే సరిపోదు. ఇంకొకటి, రిజిస్టర్డ్ అగ్రిమెంట్ లేకుండా ధరలో 10 శాతానికి మించి తీసుకోకూడదు. మీ విషయంలో అది 1.40 లక్షలు. వాళ్లు 3 లక్షలు తీసుకున్నారు.

‘5 నిమిషాలు’ అన్న మాట మీద మాత్రం ఎక్కువ ఆధారపడకండి. ఎంత వేగంతో వెళ్తే అని వాదనకు దిగుతారు. ‘అప్రూవ్డ్’ అన్న మాట గట్టిగా పట్టుకోండి. అది అబద్ధమని కాగితంతోనే తేలిపోతుంది. ఈ చట్టాన్ని అమలు చేసే ఏపీ రెరా సంస్థ వెబ్‌సైట్‌లో వెంచర్ పేరు వెతకండి, కుడా (కర్నూలు పట్టణాభివృద్ధి సంస్థ) ఆఫీసులో ఎల్‌పీ నంబర్ (లేఅవుట్ అనుమతి నంబర్) ఉందేమో అడగండి. 2021లో ఎయిర్‌పోర్టు మొదలయ్యాక, 2024లో అక్కడి పారిశ్రామిక కేంద్రానికి కేంద్ర ప్రభుత్వం ఆమోదం తెలిపాక, ఓర్వకల్లు పేరు చెబితేనే జనం డబ్బు తీస్తున్నారు. రెరా వెబ్‌సైట్‌లో, కుడా ఆఫీసులో చూడకుండా ఎవరూ రూపాయి కట్టొద్దని నా మనవి.

ముందు లాయర్ నోటీసు స్పీడ్ పోస్టులో రిజిస్ట్రేషన్‌తో పంపండి. దిగిరాకపోతే ఏపీ రెరాలో ఫిర్యాదు చేయండి. లేదా కర్నూలు జిల్లా వినియోగదారుల కమిషన్‌కు రెండేళ్లలోపు వెళ్లొచ్చు. అక్కడ కొద్దిపాటి ఫీజు ఉండొచ్చు.

హోర్డింగ్ ఇంకా ఉంటే ఈ రోజే ఫోటో తీసుకోండి. ఏజెంటు వాట్సాప్ మెసేజ్‌లు చెరిపేయొద్దు, ఆ ఫోన్ మార్చొద్దు. ‘వేరే ప్లాటు ఇస్తాం, ఇక్కడ సంతకం పెట్టండి’ అని పిలిస్తే పెట్టకండి. అసలు రసీదు వాళ్ల చేతికి ఇవ్వకండి, జిరాక్స్ మాత్రమే చూపించండి.