అడవి తుంగను వెదకబోయే మేనల్లుడికి

చిరంజీవి మేనల్లుడికి, మామ ఆశీస్సులు.

పుస్తకంలో బొమ్మ చూసి, అటువంటి తుంగ మన కడప పాలకొండల్లో దొరుకుతుందా అని అడిగావు. అది కెరెక్స్ సిల్వాటికా. 1762లో ఆంగ్లేయ వృక్షశాస్త్రజ్ఞుడు విలియం హడ్సన్ దానికి ఆ పేరు పెట్టాడు. యూరప్‌లోని ఆకురాల్చే అడవుల నీడలో, తేమ వదలని బరువైన బంకనేలల్లో కుదుళ్లు కట్టి ఏళ్ల తరబడి బతుకుతుంది. దానికోసం గువ్వలచెరువు ఘాటంతా గాలించవద్దు. ఇక్కడ ఆ కుటుంబంలోని మన తుంగలనే వెదుకు.

అక్టోబరు, నవంబరు వానలు పడ్డాక, వంక గట్టున చెట్ల నీడలో, రాలిన ఆకులు కుళ్లి మన్ను నల్లబడిన చోట నిదానంగా కూర్చుని చూడు. గడ్డీ తుంగా పక్కపక్కనే పెరుగుతాయి కనుక ముందు కాడను రెండు వేళ్ల మధ్య దొర్లించాలి. గడ్డి కాడ సాధారణంగా గుండ్రంగా, కణుపులతో, లోపల బోలుగా ఉంటుంది. తుంగ కాడ ఎక్కువగా మూడు పలకలతో, లోపల నిండుగా ఉంటుంది. తుంగల్లోనూ గుండ్రటి కాడవి ఉన్నాయి కాబట్టి అక్కడితో ఆగకుండా, ఆకు అడుగున కాడను చుట్టుకున్న తొడుగును గోటితో కదిలించు. గడ్డిలో అది చాలావరకు ఒక పక్క చీలి ఉంటుంది, తుంగలో గొట్టంలా మూసుకొని ఉంటుంది. నేను ఎక్కువగా నమ్మేది ఈ గుర్తునే.

బహువార్షికమో కాదో పైపైన చూసి చెప్పడానికి లేదు. పట్టి లాగగానే పీచువేళ్లతో ఊడివచ్చేది చాలావరకు ఒక్క ఏటి మొక్క; ఏళ్లు బతికేదానికి నేల కింద అడ్డంగా పాకే దుంపకాండమో, నిరుటి తొడుగులు ఎండి అంటుకొన్న గట్టి మొదలో ఉంటుంది. మన చేలల్లో ఎంత కలుపు తీసినా తుంగ మళ్లీ మొలవడానికి కారణం దాని గడ్డలే కదా. అందుచేత చిన్న గునపంతో చుట్టూ తవ్వి, మొదలు తెగకుండా తీయాలి.

కాయ ముదరని నమూనా తెచ్చినా పేరు తేలదు. సుమారు రెండు వేల జాతులున్న కెరెక్స్ ప్రజాతిలో ఆడపువ్వును ఒక చిన్న సంచి పూర్తిగా కప్పి ఉంటుంది. ఆ సంచి ఆకారం, దాని కొన ముక్కు పొడవు భూతద్దంలో చూసి గాని జాతిని నిర్ణయించరు. నీడ ఎంత, మన్ను ఎటువంటిది, వంక ఎంత దూరం అన్నవి అక్కడే రాసుకో. ఇంటికి వచ్చాక గుర్తుండవు.

ఎర్రచందనం పెరిగే అడవుల్లో సంచీ భుజాన వేసుకొని తిరిగేవారిని ఎవరైనా అనుమానిస్తారు. అటవీశాఖ నుంచి రాతపూర్వక అనుమతి తీసుకొనే వెళ్లు. అది వచ్చేలోగా మీ ఊరి చెరువు అలుగు దిగువన ఉన్న తుంగల తొడుగులు విప్పి చూడటం అలవాటు చేసుకో.

ఇట్లు,
మీ మామ